చుక్క పక్కన సున్నా

ఫిబ్రవరి 3

మామయ్యకు,

ఫోనులో చెప్పొచ్చు కదా అంటావు. రెండుసార్లు చెప్పాను. రెండుసార్లూ నువ్వు కుట్టుమిషను తొక్కుతూనే "ఊఁ, ఊఁ, బాగుంది తల్లీ" అన్నావు. ఏం బాగుందని అడిగితే "నువ్వు చెప్పిందే" అన్నావు. అందుకే ఉత్తరం రాస్తున్నాను. కాగితానికి మిషను చప్పుడు అడ్డం రాదు.

సంగతి ఇదీ. రాజనీతిశాస్త్రం చెప్పడం మొదలుపెట్టి ఏడేళ్లయినా, ఏటా ఒక అధ్యాయం దగ్గర నా నోరు తడబడుతుంది. రాజకీయ భావాలను ఎలా వర్గీకరిస్తారన్న అధ్యాయం. పుస్తకంలో ఒక అడ్డగీత ఉంటుంది. ఎడమ చివర సమానత్వం కావాలనేవాళ్లు, కుడి చివర ఉన్నది ఉన్నట్టు ఉండాలనేవాళ్లు. ఈ ఎడమ కుడి ఎక్కడివంటే, రెండొందల పైచిలుకు ఏళ్ల కిందట ఒక దేశపు సభలో రాజుగారి అధికారం ఉండాలన్నవాళ్లు అధ్యక్షుడికి కుడివైపు, వద్దన్నవాళ్లు ఎడమవైపు కూర్చున్నారు. అలా కూర్చున్నవాళ్లు ఇంతవరకూ లేవలేదు.

ఒక గీత చాలదని తర్వాతివాళ్లు నిలువుగా ఇంకోటి గీశారు. పైన అధికారం, కింద స్వేచ్ఛ. దాంతో నాలుగు గదులయ్యాయి. మనిషికి ఇరవై వాక్యాలిచ్చి, ఔనో కాదో గుర్తు పెట్టించి, అతని చుక్క ఏ గదిలో పడుతుందో చూస్తారు. ఇది కూడా చాలదు, మూడో గీత కావాలనేవాళ్లున్నారు. అసలు గీత తిన్నగా ఉండదు, రెండు చివరలూ వంగి ఒకదానికొకటి దగ్గరకొస్తాయనేవాళ్లూ ఉన్నారు. మా శాఖాధిపతి మాత్రం "చుక్క పెట్టలేని భావం భావమే కాదు" అంటాడు. వచ్చే నెల చివర సదస్సు ఉంది. నేను చుక్కలు తీసుకురావాలి.

నలభై ప్రశ్నపత్రాలు పంపుతున్నాను. మీ టైలరింగు షాపుకి వచ్చేవాళ్లు ఒంటరిగా కూర్చుని, పేరు కాకుండా చేసే పని మాత్రమే రాసి, నింపి ఒక అట్టపెట్టెలో వేయాలి. నువ్వు పక్కన నిలబడకూడదు. ఈ వాక్యం కింద రెండు గీతలు గీశాను, చూడు. నువ్వూ, కటింగ్ మాస్టారూ కూడా చెరొకటి నింపండి. ఆ రెండిటి మీద మాత్రం ఎవరిదో రాయి.

నీ చేయి వణుకుతోందని అత్త చెప్పింది. కత్తెర పూర్తిగా మాస్టారికే వదిలేశావట కదా. డాక్టరుకి చూపించావా? "చూపిస్తా" అని రాయకు. ఏ రోజు చూపిస్తావో రాయి.

నీ మేనకోడలు

—

ఫిబ్రవరి 14

అనుమానాలమ్మకు మేనమామ రాసేది,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. ఒకసారి మనసులో, ఒకసారి పైకి. మాస్టారి చేతికిచ్చి చదవవయ్యా అంటే "మీరే చదవండి పెద్దాయనా, మీ గొంతులో వింటే బాగుంటుంది" అన్నాడు. ఇరవై ఆరేళ్లలో మొదటిసారి నన్ను పొగిడాడు కదా అని నాటకంలో రాజు పాత్ర వేసినట్టు చదివాను, చివర డాక్టరు ముక్క ఒక్కటి మింగేసి. వెనకగదిలోంచి మీ అత్త "ఎవరు పోయారు?" అని అడిగింది.

ఇప్పుడు నీ శాస్త్రం సంగతి. ఒక్క కొలతతో కుట్టగలిగింది లోకంలో బొందు ఒక్కటే తల్లీ. రెండు కొలతలుంటే దిండు గలీబు కుట్టొచ్చు. చొక్కాకి ఎనిమిది కావాలి. చొక్కాకే ఎనిమిదైతే లోపలున్నవాడికి రెండేనా? ఇక గీత చివరలు వంగి దగ్గరకొస్తాయన్నావే, దాన్ని మేం కాలరు అంటాం. ఆ సభలో ఎవరెటు కూర్చున్నారో రాసుకున్నారు సరే, కిటికీ ఎటువైపు ఉందో ఎవరైనా రాశారా? ఎండ పడుతోందని ఇటు జరిగినవాడు కూడా విప్లవకారుడైపోయాడేమో!

కొలవడం అంటే ఏమిటో చెబుతా విను. నేను టేపు పట్టుకుని అంకె చెబుతాను, మాస్టారు కొలతల పుస్తకంలో రాస్తాడు. నడుము దగ్గరకి వచ్చేసరికి ప్రతి మగాడూ ఊపిరి పీల్చి పొట్ట బిగబడతాడు. అద్దంలో తనను తాను చూసుకుని సంతోషిస్తాడు కూడా. నేను ఆ అంకే చెబుతాను. మాస్టారు రాసి, పక్కన ఒక చిన్న సున్నా పెడతాడు. అంటే వీడు పొట్ట బిగబట్టాడు, కోసేటప్పుడు అంగుళం వదలాలి అని. ఆ సున్నా లేకపోతే మన వీధిలో సగం మంది ప్యాంట్లు కూర్చోగానే పటపటమనేవి.

నలభై కాగితాలూ పూర్తి. ఎనిమిది రోజుల్లో! ఎలా చేశానని అడక్కు, పని అయిందా లేదా చూడు. నాదీ మాస్టారిదీ పైన పెట్టాను. మా ఇద్దరికీ పందెం ఉంది. ఎవరి చుక్క అధికారం వైపు పడితే వాడు నెల రోజులు షాపులో పీలికలు ఊడవాలి. గెలిచేది నేనే. ఎందుకంటావా? ఈ మధ్య అతని పెత్తనం మరీ ఎక్కువైంది. ప్రతి కొలతా నాచేత రెండుసార్లు చెప్పిస్తాడు, నేనేదో గుమాస్తానైనట్టు. కిటికీ పక్క బల్ల తనదే అంటాడు, అరడుగు జరపనివ్వడు. నేనెవరినైనా ఏమన్నా అంటానా? రేడియో ఒక్కటి మాత్రం నా చేతిలో ఉంటుంది, అది కూడా అందరి మంచికే.

డాక్టరు దగ్గరికి బుధవారం వెళ్తా. ఏ బుధవారమో రాయమని నువ్వు అడగలేదు.

మెడలో టేపుతో,
మీ మామయ్య

—

మార్చి 2

మామయ్యకు,

బుధవారాలు రెండు గడిచిపోయాయి. మీ అత్త అని నువ్వు రాసే మనిషి నాకు వేరే ఉత్తరం రాస్తోందని మరిచిపోకు.

ఫలితాలు వచ్చాయి. పటం ఇందులో పెట్టాను, నాలుగు గదులూ రంగులు వేసి. నీ చుక్క కింద ఎడమ గదిలో పడింది, సమానత్వం, స్వేచ్ఛ రెండూ కావాలనేవాళ్ల గది. మాస్టారిది సరిగ్గా ఎదుటి మూల, పైన కుడివైపు. ఆస్తి సొంతదారుడిదే, పెద్దవాడి మాటే చెల్లాలి, క్రమం తప్పితే శిక్ష ఉండాలి అనేవాళ్ల గది. పీలికలు ఎవరు ఊడవాలో నువ్వే చదువుకో.

అసలు విచిత్రం మిగిలిన ముప్పై ఎనిమిది మంది. అందరూ నీ చుక్క చుట్టూనే ఉన్నారు, బెల్లం చుట్టూ ఈగల్లా. బడి పంతులు, బ్యాంకు ఆఫీసరు, తాళాలు బాగుచేసేవాడు, అందరివీ ఒకే భావాలు! ఒక వీధి మొత్తం ఒక్క గొంతుతో మాట్లాడటం నేను ఏ పుస్తకంలోనూ చదవలేదు. నిజం చెప్పాలంటే ఒక క్షణం అనుమానం వచ్చింది. కానీ నాకు అన్నిటి మీదా వస్తుంది కదా అని పట్టించుకోలేదు. శాఖాధిపతి పటం చూసి కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. ఆయన దగ్గర అంతకు మించిన చప్పట్లు లేవు.

నా చుక్క గురించి అడుగుతావని తెలుసు. మూడుసార్లు నింపాను. సోమవారం పొద్దున ఒక చోట పడింది, అధ్యాపకుల సమావేశం అయ్యాక ఇంకో చోట. మా పైవాటా ఆవిడ బట్టలు పిండిన నీళ్లు నా పుస్తకాల మీద పడ్డ రోజున మాస్టారి మూలకి బాగా దగ్గరగా పోయాను. పిల్లలకి పాఠం చెప్పే మనిషికి ఒక చోటంటూ ఉండొద్దా అని రెండు రోజులు దిగులు పడ్డాను. తర్వాత జవాబుపత్రాలు దిద్దడంలో మరిచిపోయాను.

పటం మాస్టారికి చూపించి ఇద్దరూ నవ్వుకోండి.

నీ మేనకోడలు

—

మార్చి 11

తల్లీ,

నవ్వుకోమన్నావు. నేను నవ్వాను. అతను నవ్వలేదు.

పటాన్ని నిలువుటద్దం పైన సూదులతో గుచ్చి పెట్టాను. వచ్చినవాళ్లందరికీ చూపించాను. "ఇదిగో నేను, ఇదిగో మీరు, అదిగో ఆ పైన ఒంటరిగా కూర్చున్నది మన నియంత గారు" అన్నాను. రెండు రోజులు "నియంత గారూ, టీ తాగుతారా?", "నియంత గారూ, కాలరు ఎప్పటికి అవుతుంది?" అని సరదాగా పిలిచాను. మూడో రోజు అతను కత్తెర నూనెగుడ్డలో చుట్టుకున్నాడు. అది అతని సొంత కత్తెరే, వచ్చిన రోజున చంకలో పెట్టుకుని తెచ్చుకున్నదే. చెప్పులు వేసుకుని "వస్తాను పెద్దాయనా" అని వెళ్లిపోయాడు. నేను టీకి అనుకున్నాను. ఈ రోజుకి ఆరు రోజులు.

పోతే పోనీ! అధికారం మూలలో కూర్చునేవాడికి అంత పౌరుషం ఉండటం సహజమే. నీ శాస్త్రం ఎంత కచ్చితమో చూడు.

కానీ ఒక చిక్కుంది. బ్యాంకు ఆఫీసరు కోటు ఒప్పుకున్నాను. నేనే కోశాను. సుద్దతో గీసిన గీత నీటి మీద పాములా ఉంది. కత్తెర దాని వెంటే పోయింది. ఎడమ భుజం ఒకలా వచ్చింది, కుడి భుజం ఇంకోలా వచ్చింది. ట్రయల్‌కి తొడిగితే ఆఫీసరు అద్దంలో చూసుకుని తలని ఒక పక్కకి వంచాడు, తేడా తనలోనే ఉందేమోనని. పాపం మంచివాడు. మీ అత్త వెనకనుంచి వచ్చి చూసి "ఈయన్ని చూస్తే నాకు మెడ పట్టేసింది" అని వెళ్లిపోయింది.

ఆవిడ ఇంకో మాట కూడా అంటోంది. "స్వేచ్ఛావాదట! ఇంట్లో ఫ్యాను రెండో నంబరు దాటనివ్వడు" అని. ఆ పటం ఆవిడ కంట పడకుండా ఉండాల్సింది.

పన్నెండు జతలు కోతకి ఎదురుచూస్తున్నాయి. ఇంకో మాస్టారిని పెట్టుకోమంటున్నారు. నేను చెప్పే అంకె వినగానే ఆ మనిషి ఎలా నిలబడ్డాడో ఊహించి కోసేవాడు ఇంకొకడు నాకెక్కడ దొరుకుతాడు? అతను రాకపోతే ఈ షాపు మూసేయాల్సిందే. మూసేసి నేనేం చేస్తాను, పటం చూసుకుంటూ కూర్చుంటానా? పై కుడి మూలవాళ్లని ఎలా బతిమాలాలో మీ పుస్తకాల్లో ఏమైనా ఉందా?

మీ మామయ్య

—

మార్చి 19

మామయ్యా,

ఈ ఉత్తరం తప్పకుండా కూర్చుని చదువు. మిషను మీద కాదు, కుర్చీలో.

నీ ఉత్తరం వచ్చిన రోజు కాగితాలన్నీ బీరువాలోంచి మళ్లీ తీశాను. ఇంతకుముందు అంకెలు ఎక్కించుకున్నానే తప్ప కాగితాలను కాగితాల్లా చూడలేదు. ఈసారి బల్లనిండా పరిచి చూశాను. నలభై కాగితాల్లోనూ ఔను, కాదు దగ్గర పెట్టిన గుర్తు ఒకటే. గుండీ ఎక్కడ కుట్టాలో సుద్దతో పెట్టే అడ్డం నిలువు గుర్తు. అది నాకు చిన్నప్పటి నుంచీ తెలుసు, నా గౌన్ల మీద చూశాను. పైగా ఆ గుర్తులన్నీ వణుకుతున్నాయి. నలభై మందికీ ఒకేసారి చేయి వణకదు కదా.

ఎలా నింపావు? పెట్టె ఎక్కడ? మాస్టారి కాగితం ఎవరు నింపారు? దాని మీదా అదే గుర్తు ఉంది మామయ్యా.

తప్పు నాది కాదని చెప్పడానికి ఇది రాయడం లేదు. ముప్పై ఎనిమిది మంది ఒకేలా ఆలోచిస్తున్నారని కాగితం చెబితే నమ్మాను. ఎందుకంటే నాకు అలాంటి కాగితమే కావలసి వచ్చింది. అనుమానం వచ్చిన ఒకే ఒక్క మంచి సందర్భంలో దాన్ని పక్కన పెట్టాను. పైగా చూపించి నవ్వుకోండి అని నేనే రాశాను. ఇరవై ఆరేళ్లు ఒకే గదిలో ఉన్న ఇద్దరి మధ్య రంగుల పటం పెట్టి నవ్వుకోమన్నదాన్ని నేనే.

సదస్సు ఇంకా పన్నెండు రోజులుంది. నిజం రాయి.

నీ మేనకోడలు

—

మార్చి 27

తల్లీ,

కుర్చీలోనే కూర్చుని చదివాను. పక్కన మీ అత్త నిలబడి చదివింది, కాబట్టి దాచడానికేమీ లేదు.

పెట్టెలో గుండీలున్నాయి. అందుకని పెట్టె పెట్టలేదు. ఒంటరిగా కూర్చుని నింపమంటే ఎవడూ నింపడం లేదు. "అల్టరేషన్‌కి వచ్చాను బాబూ, పరీక్షకి కాదు" అంటున్నారు. మరి వాళ్లు కదలకుండా నిలబడేది ఎప్పుడు? కొలతలిచ్చేటప్పుడు. అప్పుడే అడిగాను. మెడకి టేపు చుట్టి "ప్రభుత్వం మన సొంత విషయాల్లో తలదూర్చకూడదు, అంతేనా?" అని. అందరూ అంతే అన్నారు. ఒక్క తాళాలవాడు "అలా కాదండీ" అనబోయాడు. అప్పుడు టేపు కొంచెం బిగిసింది, అది నా చేయి వణుకు వల్ల. "మీరెలా అంటే అలా" అన్నాడు. బలవంతమేమీ లేదు.

నువ్వు నవ్వుతున్నావో ఏడుస్తున్నావో నాకు తెలీదు.

మాస్టారిది వేరు. కాగితం చేతికిచ్చాను. కాసేపు పట్టుకుని బల్ల మీద పెట్టేసి "ఇవన్నీ నాకెందుకు, మీరే రాసుకోండి" అన్నాడు. రాసుకోండి అన్నాడు కదా అని రాసేశాను. ఇరవై ఆరేళ్లు చూశాను, ఆ మాత్రం తెలీదా? సొంత ఆస్తి హక్కు: కిటికీ బల్ల ముట్టుకోనివ్వడు కాబట్టి ఔను. పైవాడి ఆజ్ఞ పాటించాలి: నాచేత అంకెలు రెండేసిసార్లు చెప్పిస్తాడు కాబట్టి ఔను. అలా ఇరవై రాశాను. వెళ్లిపోయే రోజు అడిగాడు, "నేను ఇవన్నీ ఎప్పుడు చెప్పాను?" అని. "చెప్పక్కర్లేదు, కనబడుతూనే ఉంది" అన్నాను. అప్పుడే కత్తెర చుట్టుకున్నాడు. ఈ ముక్క కిందటి ఉత్తరంలో రాయలేదు. చోటు చాల్లేదు.

ఇప్పుడు నువ్వొక ఉపకారం చెయ్యి. లెక్క తప్పింది, మాస్టారి చుక్క మా మామయ్య చుక్క పక్కనే ఉంది అని నీ విశ్వవిద్యాలయం ముద్ర ఉన్న కాగితం మీద ఒక్క ముక్క రాసి పంపు. కొత్త పటం కూడా వేసి పంపు. అద్దం మీద పెడతాను, అతనికి కబురు పంపుతాను, వస్తాడు. ఎవరికీ నష్టం లేదు.

మొన్న అతని వీధి చివరదాకా వెళ్లాను. దారాలు కొనడానికి. అక్కడ దారాల కొట్టు లేదని వెళ్లాక గుర్తొచ్చింది.

మీ మామయ్య

—

ఏప్రిల్ 4

మామయ్యకు,

ముద్ర ఉన్న కాగితం పంపడం లేదు. వారం రోజులు ఆలోచించాను. రాసి పారేస్తే ఏం పోతుంది అని మూడు రోజులు, రాయకూడదు అని నాలుగు రోజులు. ఒక్క రోజు తేడాతో రాయకూడదు గెలిచింది. నువ్వు అతన్ని అడక్కుండా ఒక మూలలో కూర్చోబెట్టావు. నేను కూడా అడక్కుండా లేపి ఇంకో మూలలో కూర్చోబెట్టమంటావా?

సదస్సు నుంచి నా పత్రం వెనక్కి తీసుకున్నాను. శాఖాధిపతికి అంతా చెప్పాను, టేపుతో సహా. "ఈ సంగతి మనిద్దరికీ తప్ప ఎవరికి తెలుసు?" అన్నాడు. మా అత్తకి తెలుసు అన్నాను. ఈ సారి కళ్లద్దాలు తుడుచుకోలేదు. వేసవి పరీక్షలకి పర్యవేక్షణ మొత్తం నా నెత్తిన వేశాడు. ఆయన ఏ గదిలోవాడో చెప్పడానికి నాకు ఇరవై ప్రశ్నలు అవసరం లేదు. కానీ ఇప్పుడు అలా చెప్పడానికీ భయంగా ఉంది. నువ్వు బల్ల చూసి మాస్టారిని రాసినట్టే కదా ఇదీ.

ఒకటి అడుగుతాను, కోపం తెచ్చుకోకు. అతను నిన్ను మీరు అంటాడు, నువ్వు అతన్ని నువ్వు అంటావు. రేడియో మీట నీ చేతిలో. షాపు బోర్డు మీద పేరు నీది. అయినా స్వేచ్ఛ గదిలో నువ్వున్నావు, అధికారం గదిలో అతనున్నాడు. నీ కాగితం నువ్వు నింపేటప్పుడు అద్దంలో చూసుకున్నావా?

నాకు ఏడేళ్లప్పుడు అనుకుంటా, కొలతల పుస్తకం తిరగేస్తూ ఆ సున్నాలేమిటని మాస్టారిని అడిగాను. "అబద్ధమాడినట్టా?" అన్నాను. "అబద్ధం కాదు పాపా. కొలిచేటప్పుడు అందరూ ఇలా ఉంటే బాగుండు అనుకున్నట్టు నిలబడతారు. మనం వాళ్లు ఉన్నట్టు కుట్టాలి. లేకపోతే ఊపిరాడదు" అన్నాడు. ఇన్నేళ్లు చదివి పాఠాలు చెబుతున్నాను, ఆ సున్నా నా ప్రశ్నపత్రంలో ఎక్కడా లేదు.

ఖాళీ కాగితం ఒకటి పంపుతున్నాను. దారాలకి కాకుండా అతని దగ్గరికే వెళ్లు. వంకర కోటు కూడా పట్టుకెళ్లు. పటం వల్ల తగువొచ్చింది కానీ పటం వల్ల తీరదు. అతని జవాబులు అతన్నే అడుగు. టేపు ఇంట్లో పెట్టి వెళ్లు.

నేను రాసిన "నవ్వుకోండి" అనే మాటకి అతన్ని క్షమించమన్నానని చెప్పు. ఇంకా బాగా ఎలా చెప్పాలో తెలిస్తే అలా చెప్పు.

నీ మేనకోడలు

—

ఏప్రిల్ 19

అనుమానాలమ్మకు,

వెళ్లాను. అతనుండేది మేడ మీద. మెట్లు ముప్పై రెండు. ప్రతి మెట్టు మీదా వెనక్కి తిరుగుదామా అనుకున్నాను కాబట్టి లెక్క కచ్చితంగా తెలుసు.

కిటికీ పక్కన కూర్చుని ఉన్నాడు. ఒళ్లో ఏదో పాత చొక్కా, కుట్లు విప్పుతున్నాడు. నేను కోటు ముందు పెట్టాను. కిటికీలోంచి బయటికి చూస్తూనే వేళ్లతో భుజం తడిమాడు.

"ఎవరు కోశారిది?"

"ఒక స్వేచ్ఛావాది."

"తెలుస్తోంది. గుడ్డని దాని ఇష్టానికి వదిలేశాడు."

అప్పుడు నీ కాగితం తీసి చేతిలో పెట్టాను. "తప్పయింది మాస్టారూ. ఇది మీరే నింపండి" అన్నాను. మీరు అన్నానని నాకే తర్వాత తెలిసింది. అతను కాగితాన్ని దగ్గరగా పెట్టుకున్నాడు, దూరంగా పెట్టుకున్నాడు, వెలుగువైపు తిప్పాడు. తలకిందులుగా పట్టుకున్నాడు తల్లీ. ఆ మాట నేను చెప్పలేదు. నా మొహం చూడకుండానే అతనికి తెలిసిపోయింది.

"రెండేళ్లయింది పెద్దాయనా. పుస్తకంలో అంకెలు చీమలు పాకినట్టుంటున్నాయి. అందుకే రెండుసార్లు చెప్పమనేవాణ్ణి, చదవక్కర్లేకుండా మనసులో పెట్టుకోవడానికి. కిటికీ బల్ల దగ్గర కాస్త వెలుగుంటుంది. కోయడానికి పెద్దగా కళ్లు అక్కర్లేదు, చేతులకి తెలుసు. ఈ సన్నక్షరాలే తెలీవు."

"మరి చెప్పొచ్చుగా!"

"చెబితే ఇంట్లో కూర్చోమంటారు. మీ చేయి వణుకుతోందని మీరు నాకు చెప్పారా? కత్తెర బరువెక్కింది అన్నారు."

రెండేళ్లుగా ఒకే గదిలో ఇద్దరం పొట్ట బిగబట్టుకుని నిలబడ్డాం. ఆస్తి హక్కు అని నేను గుర్తు పెట్టింది వెలుగు కోసం. ఆజ్ఞ అని రాసింది జ్ఞాపకం కోసం. వాళ్లావిడ మంచినీళ్లు ఇచ్చి "ఇద్దరూ ఇంత సేపు నోరు మూసుకుని ఉండటం ఎప్పుడూ చూడలేదు" అంది.

"పై మూలలో పెట్టారని వెళ్లలేదు. ఏ మూలలో పెట్టినా పని చేసుకునేవాణ్ణి. రాసుకోమన్నది నన్ను అడిగి. అడక్కుండా నా బదులు మీరే ఔను అనేశారు. ఇరవైసార్లు" అన్నాడు. "ఇకమీదట అడిగే రాస్తాను" అని చెప్పి మెట్లు దిగాను.

సోమవారం వచ్చాడు. కత్తెర నూనెగుడ్డలోంచి తీశాడు. కోటు భుజం విప్పి, లోపలి మడతలో మిగిలిన గుడ్డ లాగి, రెండు గంటల్లో సరి చేశాడు. ఆఫీసరు తొడుక్కుని అలవాటు కొద్దీ తల పక్కకి వంచాడు. "ఇక తిన్నగా నిలబడొచ్చు సార్" అని మాస్టారు చెప్పాల్సొచ్చింది. కొత్త పద్ధతి ఏమిటంటే, కొలతల పుస్తకంలో అంకెలు ఇప్పుడు మీ అత్త రాస్తోంది, ఒక్కొక్కటి అరచేయంత. ఒక పేజీకి ఒక మనిషే పడుతున్నాడు. వచ్చే బుధవారం, అంటే ఈ నెల ఇరవై మూడున, మాస్టారూ నేనూ కలిసి వెళ్తున్నాం. అతను కళ్లకి, నేను చేతికి. ఒకరు పారిపోకుండా ఒకరు కాపలా.

రేడియో మధ్యాహ్నం దాకా నాది, తర్వాత అతనిది. అతను పెట్టేది భరించడం కష్టంగా ఉంది. స్వేచ్ఛ అంటే ఇంత చప్పుడని తెలిస్తే నీ కాగితం మీద ఇంకోలా రాసేవాణ్ణి.

నీ ఇరవై ప్రశ్నలూ అడిగాను. చేతులు వెనక్కి కట్టుకుని, రెండు గజాల దూరంలో నిలబడి. ఏది అడిగినా ముందు "ఎవరికి?" అంటాడు. "క్రమశిక్షణ ముఖ్యం" అంటే "ఎవరికి?" "స్వేచ్ఛకి హద్దులుండాలి" అంటే "ఎవరి స్వేచ్ఛకి?" పదకొండో ప్రశ్న దగ్గర నాకు ఓపిక పోయింది. అతనికి పోలేదు. చివరికి ఆరు ఔనులు, ఐదు కాదులు, తొమ్మిది ఎవరికిలు తేలాయి. కాగితం ఇందులో పెట్టాను, గుర్తులు అతనే పెట్టాడు, కొన్ని గడి దాటి బయట పడ్డాయి. చుక్క ఎక్కడ పడుతుందో నువ్వు చూసుకో. మాకు చెప్పక్కర్లేదు.

నువ్వు క్షమించమన్నావని చెప్పాను. "పాపని సున్నా మరిచిపోవద్దని చెప్పండి" అన్నాడు. అని ఊరుకోలేదు. అద్దం మీద పటం ఇంకా ఉంది కదా, నన్ను స్టూలు పట్టుకోమని ఎక్కాడు. పెన్సిలు చెవి మీంచి తీసి "మీ చుక్క ఎక్కడ?" అన్నాడు. "కింద ఎడమ పక్క" అని వేలు పెట్టి చూపించాను. వేలు వణికింది, సరిగ్గా ఎక్కడ చూపించానో నాకే తెలీదు. నా చుక్క పక్కన ఒక చిన్న సున్నా పెడదామని అతని ఉద్దేశం. అంకె పక్కన పెట్టేవాడే, అంత సన్నది. పాపం, కళ్లు ఆనక చేయి తిరుగుతూనే పోయింది. కింద మొదలై, పై మూల దాకా వెళ్లి, మళ్లీ తిరిగొచ్చింది.

దిగి "సరిగ్గా పడిందా?" అని అడిగాడు.

చూశాను. నా చుక్క, అతనిదని నేను పెట్టిన చుక్క, బ్యాంకు ఆఫీసరు, తాళాలవాడు, వీధి వీధంతా ఆ సున్నాలోనే ఉన్నాం.

"సరిగ్గానే పడింది" అన్నాను.

పందెం ప్రకారం ఈ నెల పీలికలు ఊడుస్తున్న
మీ మామయ్య